తెల్ల అక్షరాలు టీ రంగుకు తిరిగిన టైర్లు: ఒక కేస్ స్టడీ

తెల్ల అక్షరాల టైర్లు వేయించుకున్నవాళ్లలో చాలామంది, ఆ తెలుపు మాసిపోగానే పైన పెయింట్ వేయిస్తున్నారు. కొందరైతే గ్రైండర్ పట్టిస్తున్నారు. ఈ రెండు పనులవల్ల ఏం జరుగుతుందో ఒకే బండిలో కనబడింది కాబట్టి ఈ కేసు రాస్తున్నాను. యజమాని సరేనన్నాకే రాస్తున్నా, ఆయన పేరు, ఊరు, బండి మోడల్, టైరు కంపెనీ చెప్పడం లేదు. నేను చేసే పని టైర్లు, రిమ్ముల అమ్మకం, బిగింపు, డిటెయిలింగ్.

నేపథ్యం

బండి ఒక 4×4 ఎస్‌యూవీ. వారమంతా హైదరాబాద్ ట్రాఫిక్‌లో తిరుగుతుంది, సెలవురోజుల్లో పొలం దారిలో ఎర్రమట్టి తొక్కుతుంది. బండితో వచ్చిన టైర్లు తీసేసి, 265/65 ఆర్17 సైజులో తెల్ల అక్షరాల ఆల్ టెర్రైన్ టైర్లు (తారు రోడ్డుకూ మట్టి దారికీ పనికొచ్చేవి) అయిదు ఒకేసారి కొన్నారు. నాలుగు చక్రాలకు, ఒకటి వెనక తలుపు మీద స్టెప్నీకి. కొని ఏడాది దాటింది. స్టెప్నీ మీద మొదటినుంచీ కవర్ ఉంది. ఈ సంగతి తర్వాత మాకు చాలా పనికొచ్చింది.

సైడ్‌వాల్ మీద, అంటే టైరు పక్క భాగం మీద, అక్షరాలు కొన్ని రకాలుగా వస్తాయి. ఉబ్బెత్తు అక్షరం మొత్తం తెల్లగా ఉంటే దాన్ని ఆర్‌డబ్ల్యూఎల్ అంటారు. అక్షరం నల్లగా ఉండి చుట్టూ గీత మాత్రమే తెల్లగా ఉంటే ఓడబ్ల్యూఎల్. ఉబ్బెత్తుగా ఉన్నా అంతా నలుపే అయితే ఆర్‌బీఎల్. ఏ అలంకారమూ లేని మామూలు టైరు బీఎస్‌డబ్ల్యూ. కొనేటప్పుడు ధరల పట్టికలో ఈ పొట్టి అక్షరాలను చూసుకోవాలి, ఎందుకంటే ఒకే సైజు, ఒకే ట్రెడ్ (నేలకు ఆనే గాళ్ల భాగం) డిజైన్ ఉన్న టైరు రెండు రకాల అక్షరాలతోనూ దొరుకుతుంది. తెల్ల అక్షరాలు సాధారణంగా టైరుకు ఒకవైపే ఉంటాయి. రెండోవైపు అదే పేరు నల్లగా ఉంటుంది. నచ్చనివాళ్లు తెల్లవైపు లోపలికి తిప్పి బిగించుకుంటారు.

ఈ ఫ్యాషన్ అమెరికాది. అంతకుముందు అక్కడ తెల్ల పట్టీ టైర్ల కాలం నడిచింది. 1960ల చివర, 1970ల్లో పెద్ద ఇంజన్ల మజిల్ కార్ల మీద గుడ్‌ఇయర్ పాలీగ్లాస్ లాంటి టైర్లతో తెల్ల అక్షరాలు వచ్చాయి, ఆ తర్వాత పికప్ ట్రక్కులకూ 4×4లకూ పాకాయి. ఇప్పుడు మన దగ్గర కనబడే వాటిలో ఎక్కువ భాగం ఆల్ టెర్రైన్ టైర్లే.

కేసు అర్థం కావాలంటే ఆ తెలుపు ఎక్కడినుంచి వస్తుందో ముందు తెలియాలి. అది పెయింట్ కాదు, తెల్ల రబ్బరు. ఫ్యాక్టరీలో సైడ్‌వాల్ పట్టీని తీసేటప్పుడే నల్ల రబ్బరులో ఒక తెల్ల రబ్బరు పట్టీని కలిపి తీస్తారు, దానిమీద పల్చటి నల్ల పొర కప్పుతారు. అచ్చులో వేడికీ ఒత్తిడికీ అక్షరాలు ఉబ్బెత్తుగా తేలతాయి. టైరు అచ్చులోంచి బయటికి వచ్చాక ఆ అక్షరాల నెత్తిమీద ఉన్న నల్ల పొరను మాత్రం మిషన్ మీద అరగదీస్తారు. అప్పుడు కింది తెలుపు బయటపడుతుంది. చివరగా దానిమీద నీళ్లతో పోయే నీలం పూత ఒకటి వేసి పంపుతారు. కొత్త టైరు మీద కనబడే ఆ నీలం మరక ఇదే.

ఆర్‌బీఎల్ టైరులో ఈ తెల్ల పట్టీ అసలు ఉండదు. దాన్ని ఎంత రుద్దినా నలుపు కిందా నలుపే వస్తుంది. ప్రతి టైరులోనూ లోపల తెలుపు దాగి ఉంటుందని నమ్మేవాళ్లు మా దగ్గరికి తరచుగా వస్తుంటారు కాబట్టి ఈ మాట గట్టిగా చెబుతున్నాను.

బండి వచ్చినప్పటి పరిస్థితి

“అన్నా, ఇంత డబ్బు పెట్టి ఈ టైర్లే కొన్నది ఆ అక్షరాల కోసం. నాలుగూ మళ్లీ తెల్లగా కావాలి. పెయింట్ వేస్తారో, కొత్త అక్షరాలు అతికిస్తారో మీ ఇష్టం,” అన్నారాయన.

అప్పటిదాకా ఏమేం చేయించారో అడిగాను. కొన్న కొన్ని నెలలకే అక్షరాలు పసుపుగా, తర్వాత గోధుమరంగుగా మారాయి. వాటర్ సర్వీసింగ్ చేయించిన ప్రతిసారీ టైర్లకు నిగనిగలాడే సిలికాన్ పాలిష్ పూశారు. మరకలు పోవడం లేదని ఒకచోట పెట్రోల్ గుడ్డతో తుడిచారు. అప్పుడు తెల్లబడి, మళ్లీ ముందుకంటే ముదురుగా తిరిగింది. ఆయనే ఆన్‌లైన్‌లో టైరు పెయింట్ పెన్ తెప్పించుకుని అక్షరాల మీద రెండు కోటింగులు వేశారు. అది కొంతకాలం బాగుంది, తర్వాత పగుళ్లిచ్చి, పగుళ్లలోంచి అదే టీ రంగు బయటికొచ్చింది. చివరికి వేరే షాపులో ఒక టైరుకు గ్రైండర్ పట్టించారు. అది చూసి భయమేసి మిగతా మూడింటికి వద్దన్నారు.

బండిని జాకీ ఎత్తి, చక్రాలు విప్పి, సైడ్‌వాల్స్ రెండువైపులా లైటు వేసి చూశాం. వెనక టైర్లు రెండూ, కుడివైపు ముందు టైరూ ఒకే తీరుగా ఉన్నాయి. పెయింట్ చిన్నచిన్న పెళ్లలుగా లేస్తోంది. గోటితో గీరితే కింద గోధుమరంగు జిడ్డు పొర, వేలికి అంటుకునేంత. అక్షరాల అంచులు మాత్రం పదునుగానే ఉన్నాయి, సైడ్‌వాల్ మీద ఎండ పగుళ్లు లేవు.

ఎడమవైపు ముందు టైరు వేరే కథ. గ్రైండర్ పట్టినచోట మూడు అక్షరాల నెత్తులు గుంటలు పడ్డాయి. ఒక అక్షరంలో తెల్ల రబ్బరు పూర్తిగా అరిగిపోయి కింది నలుపు కనబడుతోంది. ఆ పక్కన చెయ్యి జారి డిస్కు సైడ్‌వాల్‌లోకి దిగినచోట బొటనవేలు గోరంత మేర రబ్బరు లేదు. బ్రష్‌తో మట్టి తీసి చూస్తే లోపలి పాలిస్టర్ దారాలు వరసగా కనబడ్డాయి.

రంగు ఎందుకు మారింది

ఆయన అనుమానం నకిలీ టైర్ల మీదికి పోయింది. అయిదు టైర్ల మీదా డాట్ కోడ్ (సైడ్‌వాల్ మీద అచ్చువేసే తయారీ కోడ్) చివరి నాలుగు అంకెలు చూశాం. మొదటి రెండు తయారైన వారం, తర్వాతి రెండు సంవత్సరం. అయిదూ ఒకే వారానివి. అప్పుడు స్టెప్నీ కవర్ తీశాం. నీలం పూత ఇంకా చెక్కుచెదరలేదు. తడి స్పాంజితో ఒక అక్షరం తుడవగానే నీలం నీళ్లు కారాయి, కింద స్వచ్ఛమైన తెలుపు. ఒకే బ్యాచ్, ఒకే వయసు, ఒకే బండి. తేడా అల్లా ఎండ, తిరుగుడు, పాలిష్, పెట్రోల్. ఆయనకు ఇంకేమీ వివరించాల్సిన పని లేకపోయింది.

ఆ గోధుమరంగు బయటి మురికి కాదు. గాలిలోని ఓజోన్ రబ్బరును పగలగొడుతుంది. దాన్ని ఆపడానికి నల్ల రబ్బరులో 6పీపీడీ లాంటి రసాయనాలు, మైనం కలుపుతారు. అవి నెమ్మదిగా పైకి ఊరుతూ ఉండి, ఓజోన్‌తో తామే ముందు కలిసిపోయి రబ్బరును కాపాడతాయి. అలా కలిసిన తర్వాత వాటికి గోధుమరంగు వస్తుంది. నల్ల టైరు మీద అది పాతబడిన చాయగా మాత్రమే కనబడుతుంది, తెల్ల రబ్బరు మీద మరకలా తేలుతుంది. అందుకే తెల్ల రబ్బరును మరకపెట్టని రసాయనాలతో విడిగా తయారుచేస్తారు. కానీ చుట్టూ ఉన్నది నల్ల రబ్బరే కదా, అక్కడినుంచి పాకుతుంది.

ద్రావకంతో చేసిన సిలికాన్ పాలిష్ ఈ పాకుడును వేగం చేస్తుంది. నల్ల రబ్బరు మీది రసాయనాన్ని కరిగించి తెల్ల అక్షరం మీదికి పులుముతుంది, ఆ జిడ్డు మీద దుమ్ము కూర్చుంటుంది. పెట్రోల్, కిరోసిన్, థిన్నర్ ఇంకా చేటు. అవి రబ్బరును ఉబ్బించి లోపలి రసాయనాన్ని పైకి లాగుతాయి. తుడిచిన కాసేపు తెల్లగా కనబడి తర్వాత ముదురుగా తిరగడానికి కారణం అదే.

పెయింట్ ఎందుకు నిలవలేదో కూడా ఇక్కడే ఉంది. ఈ సైజు టైరు చుట్టుకొలత సుమారు 2.4 మీటర్లు. అంటే కిలోమీటరుకు నాలుగు వందల సార్లకు పైగా తిరుగుతుంది, తిరిగిన ప్రతిసారీ నేలకు ఆనేచోట సైడ్‌వాల్ వంగి లేస్తుంది. సాగని పూత ఏదైనా పగులుతుంది. సాగే పూత వేసినా అడుగున జిడ్డు ఊరుతూనే ఉంటుంది కాబట్టి పట్టు దొరకదు.

మేం చేసి చూసినవి

మొదటి నిర్ణయం, ఎడమ ముందు టైరును మళ్లీ బండికి ఎక్కించకూడదని. ఆయనకు ఇది నచ్చలేదు. “ట్రెడ్ కొత్తదానిలా ఉంది, కనీసం స్టెప్నీగానైనా ఉంచుదాం అన్నా,” అన్నారు. ట్రెడ్ మీద పంచరైతే ప్యాచ్ వేయొచ్చు. సైడ్‌వాల్‌లో దారాలు బయటపడితే ప్యాచ్ లేదు. గాలి ఒత్తిడిని మోసేవి ఆ దారాలే. తేమ తగిలితే అవి బలహీనపడతాయి, వంగి వంగి ఒక్కొక్కటే తెగుతాయి, చివరికి టైరు ఒక్కసారిగా పేలుతుంది. స్టెప్నీ అవసరమయ్యేది రాత్రిపూట, హైవే మీద, ఇంటిల్లిపాదీ బండిలో ఉన్నప్పుడు. అప్పుడు ఈ టైరు ఎక్కిస్తారా సార్ అని అడిగాను. ఒప్పుకున్నారు.

ఆ టైరును రిమ్ము నుంచి విప్పేసి ప్రయోగాలకు వాడుకున్నాం. దారాలు బయటపడిన టైరులో గాలి నింపడం ప్రమాదం కాబట్టి పరీక్షలన్నీ గాలి లేకుండానే, సైడ్‌వాల్‌ను చేత్తో, కాలితో వంచి చూశాం.

ముందు తేలికపాటి పని. గిన్నెలు తోమే లిక్విడ్ సబ్బు, గోరువెచ్చని నీళ్లు, గట్టి నైలాన్ బ్రష్. పైనున్న సిలికాన్ జిడ్డు బాగా వదిలింది, పెయింట్ కదలలేదు. పెయింట్ లేని మూలల్లో గోధుమరంగు కొంత తేలికైంది. మరక ఒక్కటే ఉండి పెయింట్ లేకపోతే ఇక్కడే పని అయిపోయేదని అర్థమైంది.

తర్వాత థిన్నర్. రబ్బరుకు చేటని తెలిసినా, ఎలాగూ పారేసే టైరు కాబట్టి ఆయన కళ్లముందే ఒక అక్షరం మూలలో పెట్టి చూపించాను. పెయింట్ మెత్తబడి, గోధుమరంగుతో కలిసి బురదలా అక్షరమంతా పాకింది. తుడిచాక తెల్ల రబ్బరు వేలికి బంకగా తగిలింది. మిగతా మూడు టైర్ల దగ్గరికి ద్రావకాలేవీ రానివ్వకూడదని నిర్ణయం ఖాయమైంది.

అతికించే రబ్బరు అక్షరాలు ఆయన బాగా ఆశపడినవి. ఎర్ర అంచుతో వచ్చే సెట్ ఒకటి ఫోన్‌లో చూపించారు కూడా. ఇవి మంచివైతే బాగానే నిలుస్తాయి, నేనే చాలా బండ్లకు అంటించాను. కానీ వాటికి నున్నటి సైడ్‌వాల్ పట్టీ కావాలి. ఈ టైరులో అప్పటికే ఉబ్బెత్తు అక్షరాలున్నాయి. వాటిపై ఇంకో అక్షరం అతికిస్తే అంచులు గాల్లో ఉంటాయి. పాత టైరు మీద రెండు అతికించి, జిగురు ఆరనిచ్చి, సైడ్‌వాల్ వంచితే మెట్టు ఉన్నచోట అంచు లేచింది. ఎర్రమట్టి దారిలో రాయి ఒరుసుకుంటే అవి ఎక్కువ రోజులు ఉండవు. అక్షరాలు లేని ఖాళీ భాగంలో అంటిద్దామంటే అక్కడ సైజు, లోడ్ ఇండెక్స్ (టైరు ఎంత బరువు మోయగలదో చెప్పే సంఖ్య), ఐఎస్ఐ గుర్తు ఉన్నాయి. వాటిని కప్పకూడదు. అందుకని ఆ దారి వదిలేశాం.

పనిచేసిన పద్ధతి

మిగిలింది ఫ్యాక్టరీలో చేసిన పనినే చాలా చిన్న మోతాదులో మళ్లీ చేయడం, అంటే తెల్ల రబ్బరు పైపొరను వెంట్రుకవాసి తీయడం. గ్రైండర్ చేసిందీ అదే కదా అని ఆయన అడిగారు, సరైన ప్రశ్నే. గ్రైండర్ డిస్కు ఒక మూలతో తాకుతుంది, వేడెక్కుతుంది, ఎంత లోతు పోతోందో చేతికి తెలియకముందే పోతుంది. తెల్ల పట్టీ మందం తక్కువ. దానికి నల్ల రబ్బరులో కలిపే కార్బన్ బ్లాక్ అనే నల్ల పొడి ఇచ్చే బలం కూడా లేదు, కాబట్టి తొందరగా అరుగుతుంది.

మేం వాడింది 400 నంబర్ వాటర్ పేపర్. దాన్ని చిన్న చదును రబ్బరు బ్లాకుకు చుట్టి, సబ్బు నీళ్లు పోస్తూ, అక్షరం నెత్తి మీద మాత్రమే, పొడవు వెంట ఒకే దిశలో నడిపాం. వేళ్లతో పట్టుకుని రుద్దితే అంచుల దగ్గర ఒత్తిడి ఎక్కువై అక్షరం గుండ్రబడుతుంది. బ్లాకు ఉంటే నెత్తి చదునుగా, అంచు పదునుగా నిలుస్తుంది. ముందు పెయింట్ పొడిగా ఊడింది, తర్వాత నీళ్లు టీ రంగులో కారాయి, ఆ తర్వాత పాల రంగులోకి తిరిగాయి. నీళ్లు పాల రంగుకు తిరగ్గానే ఆపాలి. అప్పటికి అరుగుతున్నది తెల్ల రబ్బరేనని అర్థం. ఇంకాస్త తెల్లబడుతుందేమోనని కొనసాగిస్తే పట్టీ ఆయుష్షు తగ్గిపోతుంది. పని చేసిన కుర్రాడికి ముందు పాత టైరు మీద చేయించి, చెయ్యి కుదిరాకే బండి టైరు ముట్టనిచ్చాను.

సన్నటి చోట్ల, అక్షరాల లోపలి మూలల్లో పేపర్ పట్టదు. అక్కడ మెలమైన్ స్పాంజి ముక్క కోసి వాడాం. పని నెమ్మదిగా సాగుతుంది, కానీ అంచు పాడవదు. చివర సబ్బు నీళ్లతో కడిగి, ఆరబెట్టి, ఏ పూతా వేయకుండా వదిలేశాం. పైన క్లియర్ కోటింగ్ వేస్తే రంగు మారదు కదా అని మా షాపులోనే ఒకరన్నారు. అదీ పెయింట్ లాగే పగులుతుంది, పగిలాక మళ్లీ తీయాలి. వద్దన్నాను.

నాలుగో చక్రానికి ఏం వేయాలన్న ప్రశ్న మిగిలింది. అదే టైరు ఆర్‌డబ్ల్యూఎల్‌లో వెంటనే దొరకలేదు, నల్ల అక్షరాలది ఉంది. కొత్తది ముందు వేసి మిగతా మూడింటినీ నల్లవైపు బయటికి తిప్పడం ఒక దారి. ఈ ట్రెడ్‌కు తిరిగే దిశ గుర్తు లేదు కాబట్టి సాంకేతికంగా కుదురుతుంది. కానీ ఆయన వచ్చిందే తెల్ల అక్షరాల కోసం. అందుకని స్టెప్నీని కిందికి దించి, కొత్త నల్ల అక్షరాల టైరును కవర్ లోపల స్టెప్నీగా పెట్టమన్నాను. కవర్ కింద ఏ రంగు ఉన్నా ఎవరూ చూడరు.

అయితే స్టెప్నీ ట్రెడ్ వాడనిది. గేజ్ పెట్టి చూస్తే కుడి ముందు టైరు కంటే 1.5 మిల్లీమీటర్లు ఎక్కువ. దానివల్ల చుట్టుకొలతలో తొమ్మిది మిల్లీమీటర్ల పైచిలుకు తేడా వస్తుంది, అర శాతం లోపే. ఈ బండి రోడ్డు మీద వెనక చక్రాలతో నడుస్తుంది, వెనక డిఫరెన్షియల్‌కు (రెండు చక్రాలనూ వేర్వేరు వేగాలతో తిరగనిచ్చే గేర్లకు) లాక్ ఉంది. అంత తేడా ఉన్న జత వెనక వద్దు, ముందు వేస్తే ఇబ్బంది లేదు. ఖాళీ అయింది ముందు చక్రమే కావడం కలిసొచ్చింది. పొడి తారు రోడ్డు మీద 4హెచ్ (నాలుగు చక్రాలకూ ఇంజన్ శక్తి వెళ్లే గేరు) వేయొద్దని మాత్రం గుర్తుచేశాను. అది టైర్లన్నీ సమానంగా ఉన్నా పాటించాల్సిందే. బ్యాలెన్సింగ్, అలైన్‌మెంట్ చేసి బండి ఇచ్చాం.

ఆ తర్వాత

వాడకం గురించి ఆయనకు కాగితం మీద రాసిచ్చింది చాలా తక్కువ. సిలికాన్ పాలిష్ వద్దు, సర్వీసింగ్‌కు ఇచ్చేటప్పుడే ఆ మాట చెప్పండి. అక్షరాలను ప్రతి కడుగులో సబ్బు, నైలాన్ బ్రష్‌తో ఒకసారి తోమించండి. మెరుపు కావాలంటే నీళ్ల ఆధారంగా తయారైన డ్రెస్సింగ్‌ను స్పాంజితో నల్ల భాగానికే రాయండి, అక్షరాలకు తగలనివ్వొద్దు. వాటర్ పేపర్ ఇంట్లో వాడొద్దు.

వానాకాలం వెళ్లాక బండి మళ్లీ వచ్చింది. అక్షరాలు కొత్త టైరంత తెల్లగా లేవు, కొద్దిగా మీగడ రంగు తిరిగాయి. సబ్బు బ్రష్‌తోనే చాలావరకు పోయింది. స్టెప్నీ నుంచి దించిన టైరు మీద కూడా అదే మీగడ రంగు కనబడింది. మా పనివల్ల రంగు తిరగలేదనడానికి అది ఆధారం. నల్ల రబ్బరు తన పని తాను చేస్తున్నంతకాలం కొంత రంగు పాకుతూనే ఉంటుంది, పాకకపోతే టైరు పగుళ్లిస్తుంది. ఈ విషయం అమ్మేటప్పుడే చెప్పడం ఇప్పుడు మా షాపులో అలవాటైంది. తెల్ల అక్షరాలు కావాలని వచ్చినవాళ్లను బండి ఎక్కడ, ఎవరు కడుగుతారని ముందే అడుగుతున్నాం. బయట సర్వీసింగ్‌కు వదిలేసేవాళ్లయితే ఓడబ్ల్యూఎల్ చూపిస్తున్నాం. గీత సన్నగా ఉంటుంది కాబట్టి రంగు మారినా అంతగా తెలియదు.

పెయింట్ పెన్నులకు నేను పూర్తిగా వ్యతిరేకిని కాను. నల్ల ఉబ్బెత్తు అక్షరాలున్న బైకు టైరుకు, బాగా కడిగి ఆరాక, పండగకో రైడుకో వేసుకుంటే ముచ్చటగానే ఉంటుంది. పోయాక మళ్లీ వేసుకోవచ్చు. తెల్ల రబ్బరు మీద మాత్రం వేయొద్దు. దాన్ని తీయడానికి మళ్లీ ఆ రబ్బరునే అరగదీయాలి, అలా ఎన్నిసార్లో చేయలేం.

పాత టైరును మేం ఎవరికీ అమ్మలేదు. మంచి ట్రెడ్ ఉన్న టైరు తుక్కులోకి వెళ్తే ఎవరో ఒకరు దారాల మీద రబ్బరు ముక్క అంటించి మళ్లీ రోడ్డెక్కిస్తారు. అందుకని బీడ్ (రిమ్ముకు పట్టుకునే టైరు అంచు) దాకా సైడ్‌వాల్ రెండుచోట్ల కోసి, ఆ తర్వాతే రీసైక్లింగ్ వాళ్లకు ఇచ్చాం.